మ్యూట్‌లో గుడ్లగూబ

"ఇక్కడ గుడ్లగూబ ఎవరండీ?"

ఆఫీసులో టైపింగ్ చప్పుళ్ళన్నీ ఒక్కసారిగా ఆగిపోయాయి. గుమ్మంలో ఒక కుర్రాడు నిలబడి ఉన్నాడు. మెడలో పెద్ద హెడ్‌ఫోన్లు, చంకలో లాప్‌టాప్, మొహంలో కోపం. ఆ కోపం అతనికి అలవాటు లేనిదిలా ఉంది. మాటిమాటికీ జారిపోతుంటే మళ్ళీ సర్దుకుంటున్నాడు.

అందరి వేళ్ళూ కిటికీ పక్క బల్ల వైపు చూపించాయి. అక్కడ ఒకమ్మాయి బిస్కెట్టు సగం కొరికి, మిగతా సగం ఏం చేయాలో తెలియక పట్టుకుని కూర్చుంది.

"నేనేనండీ," అంది.

"మీరా?" అన్నాడతను. కోపం మళ్ళీ జారింది.

అతని ఆశ్చర్యంలో తప్పు లేదు. ఆ వెబ్‌సైటులో ప్రతి శుక్రవారం 'తలుపులేసుకుని చూడండి' అని ఒక శీర్షిక వస్తుంది. సొరంగాలు, నేలమాళిగలు, తాళం పడిన గదులు, బయటికి దారి లేని ఓడలు... ఇంట్లో కూర్చుని చూస్తే ఊపిరి సలపని సినిమాలన్నీ ఏరి, ఏది చూడాలో, ఎందుకు చూడాలో రాసే మనిషి కలం పేరు గుడ్లగూబ. శవాన్ని చూస్తూ అన్నం తినగలిగే మనిషే అలా రాయగలదని పాఠకుల నమ్మకం. ఇలా బిస్కెట్టు పొడి గడ్డానికి అంటుకుని ఉంటుందని ఎవరూ అనుకోరు.

"పోయిన వారం మీరు రాసింది చదవమంటారా?" అతను ఫోను తీశాడు. "'నీళ్ళ ట్యాంకరులో ఇరుక్కుపోయిన మనిషి కథ ఇది. ఇందులో అన్నిటికంటే భయపెట్టేది నిశ్శబ్దం. మొదటి నుంచి చివరిదాకా పరుచుకున్న ఆ నిశ్శబ్దానికి చేతులెత్తి మొక్కాలి.' మీరు రాసిందేనా?"

"నేనే రాశాను. బాగాలేదా?"

"బాగుందండీ! చాలా బాగుంది! ఒకటే చిక్కు. ఆ సినిమాలో నిశ్శబ్దం లేదు!"

అమ్మాయి గుటక వేసింది.

"ఒక్క క్షణం కూడా లేదు. గోడని గోరుతో గీకుతాడు, నీళ్ళు కదుల్తాయి, చలికి పళ్ళు టకటకమని కొట్టుకుంటాయి. ఆ పళ్ళు ఎవరివనుకున్నారు? నావి! ఆ చప్పుళ్ళన్నీ చేసింది నేనండీ. ఐసు ముక్కలు నోట్లో పెట్టుకుని మరీ వణికాను. జలుబు చేసి మంచం పట్టాను. మీరేమో తీరిగ్గా నిశ్శబ్దానికి మొక్కారు!"

వెనక బల్లల దగ్గర ఎవరో కిసుక్కుమన్నారు.

"అది... పైకి వినిపించే నిశ్శబ్దం కాదండీ," అంది అమ్మాయి. "లోపలిది."

"ట్యాంకరు లోపలా?"

"మనిషి లోపల."

"మనిషి లోపల గుండె కొట్టుకుంటోందండీ. అదీ నేనే. తడి తువ్వాలు బల్లకేసి కొట్టి."

ఆమె మిగిలిన బిస్కెట్టు నోట్లో కుక్కుకుంది. అంతలో అద్దాల గదిలోంచి బాస్ మేడమ్ బయటికొచ్చింది. ఎక్కడ గొడవ జరిగినా అందులో తన వెబ్‌సైటుకి ఏం పనికొస్తుందా అని చూసే మనిషి.

"మీరు సౌండు చేస్తారు, తను సినిమాలు చెబుతుంది. ఇద్దరికీ పడట్లేదు. భలే!" అంది మేడమ్. "బాబూ, మీరు చేసిన కొత్త సినిమా ఏదన్నా వస్తోందా?"

"ఈ వారమేనండీ. నేలమాళిగలో అక్కాచెల్లెళ్ళు ఇరుక్కుంటారు."

"ఇంకేం! శనివారం మధ్యాహ్నం లైవ్ పెట్టేద్దాం. మీరిద్దరూ పక్కపక్కన కూర్చుని చూడండి. కెమెరా మీ మొహాల మీద ఉంటుంది. పాఠకులు వాళ్ళ ఇళ్ళలో అదే టైముకి అదే సినిమా పెట్టుకుంటారు. ఆఫీసులో కాదమ్మాయ్, మీ ఇంట్లో, మీ సోఫాలో."

"మేడమ్, మా సోఫా పాతది."

"భయపడ్డానికి కొత్త సోఫా ఎందుకు?" మేడమ్ గొంతు తగ్గించింది. "చూడమ్మాయ్, ఈ నెలాఖరుకి నీ కాంట్రాక్టు అయిపోతోంది. ఇది బాగా వస్తే నిన్ను పర్మనెంట్ చెయ్యమని నేను గట్టిగా అడుగుతాను. రాకపోతే ఆ చోట వంటల శీర్షిక పెట్టమని పైనుంచి ఒకటే పోరు."

చప్పుళ్ళబ్బాయి వెళ్ళిపోతూ వెనక్కి తిరిగి చూశాడు. "శనివారం నిశ్శబ్దం ఎక్కడుందో చూపిద్దురుగాని," అన్నాడు. ఈసారి కోపం పూర్తిగా జారిపోయి, కింద నవ్వు కనబడింది.

*

నిజమేమిటంటే గుడ్లగూబ పరమ పిరికిది.

కళ్ళకి రెప్పలున్నాయి. చూడలేని చోట మూసుకోవచ్చు, సగం తెరిచి వేళ్ళ సందుల్లోంచి చూడొచ్చు. చెవులకి ఏమున్నాయి? ఎక్కడో తలుపు కిర్రుమంటే చాలు, ఆ చప్పుడు ఆమె వెన్నులోకి దిగి అక్కడే కాపురం పెట్టేది. అందుకని ఆమె సినిమాలన్నీ మిట్టమధ్యాహ్నం, కర్టెన్లు బార్లా తీసి, సౌండు పూర్తిగా తీసేసి, కింద వచ్చే అక్షరాలు చదువుకుంటూ చూసేది. మొదటిసారి ఒక్క సినిమాకే అనుకుంది. ఆ రివ్యూ అందరికీ నచ్చింది. రెండోదీ నచ్చింది. తర్వాత చెప్పే సందర్భం రాలేదు.

సౌండు లేదంటే ఇల్లంతా నిశ్శబ్దమని కాదు. వాళ్ళమ్మ స్కూలు యూనిఫారాలు కుడుతుంది. టీవీ పక్కనే మిషను. తెర మీద ఎవరి పీక ఎవరు నొక్కుతున్నా వెనకాల వినిపించేది ఆ మిషను చప్పుడే. ఒకసారి 'ఈ సినిమాకి ఒక పరుగుంది, ఎక్కడా ఆగదు' అని రాసింది. ఆ రోజు అమ్మ అర్జంటు ఆర్డరు కుడుతోంది.

"శనివారం సౌండు పెట్టుకునే చూడాలమ్మా," అంది ఇంటికి రాగానే, చెప్పులైనా విప్పకుండా.

"చూడు. ఎవరొద్దన్నారు?"

"నీకు అర్థం కావట్లేదు. ఉద్యోగం పోతుంది."

"సౌండు పెడితే పోతుందా, పెట్టకపోతే పోతుందా?"

"రెండు రకాలుగానూ!"

ప్రాక్టీసుకని ఒక పాత సినిమా పెట్టి, రిమోటుతో ఒక్కో గీత చొప్పున సౌండు పెంచింది. మూడో గీత దగ్గర ఎవరో మెట్లు దిగుతున్నారు. నాలుగో గీత దగ్గర ఆమె సోఫాలో లేదు. అమ్మ వెనకాల ఉంది, కుట్టని చొక్కా ఒకటి తల మీద కప్పుకుని.

"ఆ మెట్లు దిగేవాడు పోస్టుమానే," అంది అమ్మ, సూదిలోకి దారం ఎక్కిస్తూ. "చంపేవాడు ఇంకా రాలేదు."

*

గురువారం సాయంత్రం చప్పుళ్ళబ్బాయి ఇంటికొచ్చాడు. మైకులు ఎక్కడ పెట్టాలో, గదిలో మాట ఎలా మోగుతుందో చూసుకోవాలట. హాల్లో నిలబడి చప్పట్లు కొట్టాడు. సోఫాని తట్టాడు. కర్టెన్లు దగ్గరికి లాగాడు. కుట్టు మిషను దగ్గర వంగి, చెవి పెట్టి, "చాలా మంచి మిషనండీ," అన్నాడు.

అంతే, అమ్మ మనసు అతని వైపు మొగ్గిపోయింది.

"టీవీ సౌండు ఒకసారి చూస్తానండీ," అని రిమోటు తీసుకున్నాడు.

"మా టీవీకి గొంతెక్కడిది బాబూ?" అంది అమ్మ. "ఈ ఉద్యోగంలో చేరిన దగ్గర్నుంచీ మా అమ్మాయి దీని నోరు నొక్కేసిందిగా! మూగ బొమ్మలే. నాకు సుఖంగానే ఉంది, లెక్క తప్పకుండా గుండీలు కుట్టుకుంటున్నాను."

కాఫీ కప్పులతో వస్తున్న అమ్మాయి గుమ్మంలోనే ఆగిపోయింది. చప్పుళ్ళబ్బాయి మెల్లగా ఆమె వైపు తిరిగాడు.

"ట్యాంకరు సినిమా కూడానా?"

ఆమె తలూపింది.

"నా పళ్ళు..."

"వినలేదు."

"గుండె?"

"అదీ వినలేదండీ. సారీ."

అతను రిమోటు బల్ల మీద పెట్టి కూర్చున్నాడు. అరుస్తాడనుకుంది. అరిస్తే బాగుండేది. అతను కాఫీ తీసుకుని, కప్పులోకి చూస్తూ, "అందరూ కథ బాగుందంటారు, హీరో బాగున్నాడంటారు," అన్నాడు. "మీ శీర్షిక ప్రతివారం వెతుక్కుని చదువుతానండీ. ఎప్పుడో ఒకసారి చప్పుళ్ళ గురించి రాస్తారని."

ఆమెకి ఉద్యోగం సంగతి అప్పుడు గుర్తు రాలేదు. తర్వాత గుర్తొచ్చింది.

"మేడమ్‌కి చెప్పేస్తారా?"

"ఎందుకు చెబుతానండీ? ఆ వంటల శీర్షిక ఎవరు చదువుతారు?" తలెత్తాడు. "ఒకటడుగుతాను. రేపు మా రూముకి రండి. చప్పుడు పుట్టేటప్పుడు చూస్తే భయం పోతుంది. పిల్లలకి ఇంజక్షన్ సూది ముందే చూపించినట్టు."

"సూది చూస్తే ఇంకా ఎక్కువ ఏడ్చేదాన్ని నేను."

"అది నిజమే," అంది అమ్మ. "వీధి చివరిదాకా వినిపించేది."

*

అతని రూము గచ్చంతా గళ్ళు గళ్ళుగా ఉంది. ఒక గడిలో ఇసుక, ఒక దాంట్లో గులకరాళ్ళు, ఒక దాంట్లో చెక్క, ఇంకోదాంట్లో ఎండుటాకులు. గోడవార చెప్పులూ బూట్లూ గుట్టగా పోసి ఉన్నాయి. బల్ల మీద బుట్టలో కూరగాయలు.

"వంట కూడా ఇక్కడేనా?"

"అవి ఎముకలండీ." కేరట్ తీసి, మైకు దగ్గర పెట్టి ఫటుక్కున విరిచాడు. "ఇది చెయ్యి. క్యాబేజీ ఆకు మెలిపెడితే మెడ."

"పాపం! తర్వాత?"

"సూపు చేసుకు తాగేస్తాం."

"అంటే రోజూ సాక్ష్యాలు మాయం చేస్తున్నారన్నమాట!"

అతను పకపకా నవ్వాడు. ఆ నవ్వు ఏ మైకూ లేకుండానే గదంతా మోగింది. ఆమెకి ఆ చప్పుడు వెన్నులోకి దిగినట్టే అనిపించింది. కానీ అక్కడ కాపురం పెట్టినా ఫరవాలేదనిపించింది.

నేలమాళిగ సినిమాలో అక్క పరిగెత్తే సీను పెట్టి, "మీరే పరిగెత్తండి," అన్నాడు. ఆమెకి ఒక జత చెప్పులిచ్చి, గులకరాళ్ళ గడిలో నిలబెట్టాడు. తెర మీద పాదాలు కదిలినప్పుడల్లా ఆమె కదలాలి. తెర పైసగం మీద ఒక అట్టముక్క అంటించి ఉంది. పాదాలు తప్ప ఏమీ కనబడవు.

"ఆ అట్ట ఎందుకు?"

"దృష్టి చెదరకుండా," అన్నాడు, కొంచెం తొందరగా.

"అక్క అందంగా ఉంటుందా?"

"కుడికాలు కొద్దిగా ఈడుస్తుందండీ. మంచి మనిషిలాగే ఉంది."

"ట్యాంకరు హీరో?"

"తొమ్మిదో నంబరు బూట్లు."

ఇదేం జవాబని ఆమె అడగబోయింది. అంతలో సీను మొదలైంది. గులకరాళ్ళ మీద అక్క పారిపోతోంది, చెల్లెలు వెనకపడుతోంది, గుడ్లగూబ ఆయాసపడుతోంది. సీను అయ్యేసరికి ఇద్దరూ కింద కూర్చుని నవ్వుతున్నారు. ఒక రాయి ఎగిరి సూపుగిన్నెలో పడింది మరి.

బయట సన్నగా చినుకుల చప్పుడు.

"ఇది కూడా మీరే చేశారా?" అంది ఆమె అనుమానంగా.

"కాదండీ. ఇది నిజం వాన. నేను చేస్తే ఇంకా బాగుంటుంది."

వాన తగ్గేదాకా ఉండమన్నాడు. ఆమె దగ్గర గొడుగుంది. లేదని చెప్పింది.

"మీరు అబద్ధం చెప్పేముందు చిన్న గుటక వేస్తారు," అన్నాడతను, వాన వైపు చూస్తూనే. "ఆఫీసులో కూడా వేశారు."

"అది కూడా వినిపిస్తుందా మీకు?"

"వినిపిస్తుంది." అతని చెవులు ఎర్రబడ్డాయి. ఆ చెవులు పనికొచ్చేవి మాత్రమే కాదు, చూడ్డానికి కూడా బాగున్నాయని ఆమె మొదటిసారి గమనించింది.

*

శనివారం. కర్టెన్లు మూసి ఉన్నాయి. సోఫా మీద కొత్త దుప్పటి. ఎదురుగా కెమెరా. పక్క కుర్చీలో అమ్మ, మిషను జోలికి పోనని ఒట్టు వేసి, ఒళ్ళో లాప్‌టాప్ పెట్టుకుని కూర్చుంది. పాఠకులు రాసేవి బయటికి చదవడం ఆమె పని. టీవీ సౌండు నిండుగా ఉంది.

మొదట్లో అంతా బాగానే నడిచింది. తలుపు కిర్రుమంటే "ఇది మా రూములో కుర్చీ" అని అతను చెవిలో చెప్పాడు. ఎవరో దేన్నో ఈడ్చుకెళుతుంటే "ఇసుక బస్తా" అన్నాడు. ఆమె కెమెరా వైపు ధీమాగా నవ్వింది కూడా.

అప్పుడు నేలమాళిగలో దీపం ఆరిపోయింది. చీకట్లో, గోడ అవతల, ఎవరో ఊపిరి పీల్చారు.

అది ఇసుక బస్తా కాదు. కేరట్ కాదు. ఆమె చేతులు వాటంతటవే లేచి రెండు చెవుల్నీ మూసేశాయి.

"ఏమే," అంది అమ్మ, తెర మీంచి కళ్ళు తిప్పకుండా. "ఇక్కడ రాస్తున్నారు. 'గుడ్లగూబ గారు చెవులెందుకు మూసుకున్నారు?' అట."

అమ్మాయికి వినబడలేదు.

"ఇంకోటి. 'ఆయన కళ్ళెందుకు మూసుకున్నాడు?' అట. బాబూ, నీ గురించే."

అబ్బాయికి వినబడింది. కళ్ళు తెరవబోయి, మళ్ళీ గట్టిగా మూసుకున్నాడు.

అప్పుడు ఆమె పక్కకి తిరిగి చూసింది. దేశంలోని భయాలన్నిటికీ చప్పుడు పోసే మనిషి, దిండు గుండెకి హత్తుకుని, కళ్ళు బిగించి మూసుకుని, లోకంలో ఏమీ చూడనని పంతం పట్టిన పసివాడిలా కూర్చుని ఉన్నాడు.

ఆమె చేతులు కిందికి దించి, సినిమా ఆపేసింది.

"మీరు చూడట్లేదా?"

"అయిపోయిందా?" అన్నాడు, కళ్ళు తెరవకుండానే.

"ఎప్పట్నుంచి చూడట్లేదు?"

"మొదటి నుంచీ. ఇందాకటిదాకా నా కాళ్ళ వైపు చూస్తూ కూర్చున్నాను." ఒక కన్ను తెరిచాడు. "నేను ఏ సినిమా చూడనండీ, వింటాను. చప్పుళ్ళకి భయం లేదు, నేనే చేస్తాను కదా. మొహాలే... భయపడుతున్న మొహం చూస్తే వారం రోజులు నిద్ర పట్టదు. అందుకే అట్ట అంటించుకుని పాదాలే చూస్తాను."

"తొమ్మిదో నంబరు బూట్లు!" ఆమెకి నవ్వు ఆగలేదు. "అంటే నా మీద దండెత్తి వచ్చిన మనిషి ఆ సినిమా చూడనే లేదు!"

"మీరు విన్లేదుగా!"

"వినలేదని ఒప్పుకున్నాను!"

"ఎవరికి? నాకు ఒక్కడికే కదా!"

అతను అంటున్నప్పుడే ఇద్దరికీ కెమెరా గుర్తొచ్చింది. దాని మీద ఎర్రదీపం తాపీగా వెలుగుతోంది.

ఆమె నవ్వు ఆగిపోయింది. ఊరూ వాడా వింది. మేడమ్ వింది. ఇక దాచడానికేమీ లేదు. దుప్పటి కొస వేలికి చుట్టుకుంటూ కెమెరా వైపు తిరిగింది.

"అవునండీ. నాకు చప్పుళ్ళంటే భయం. నేను మీకు చెప్పిన సినిమాలన్నీ సౌండు తీసేసి చూసినవే. మొహాలు చూసి రాశాను. చూసినంతవరకు అబద్ధం రాయలేదు. వినంది విన్నట్టు రాయడం మాత్రం తప్పే."

గుటక వేయలేదు. పక్కన కూర్చున్న వాడికి ఆ సంగతి వినిపించింది.

లాప్‌టాప్‌లో వరసగా అక్షరాలు వచ్చి పడ్డాయి. అమ్మ గొంతు సవరించుకుంది.

"'డేటా ఖర్చు పెట్టి చదివింది ఇందుకేనా? మోసం' అట ఒకాయన." అమ్మాయి తల వంచుకుంది. "ఉండవే, ఇంకా ఉన్నాయి. 'నేను దుప్పటి చిల్లులోంచి చూస్తాను. మా ఇంట్లో ఎవరికీ చెప్పకండి.' 'మా ఆయన ముందు చూసి ఎవరు చస్తారో చెబితే గానీ నేను కూర్చోను.' 'నేను కుక్కని పక్కన కూర్చోబెట్టుకుంటాను. అది పారిపోతే నేనూ పారిపోతాను.' అబ్బబ్బ, చదవలేకపోతున్నానే, జారిపోతున్నాయి! 'పిరికివాళ్ళు ఎలా చూడాలో కూడా ఇకనుంచి రాయండి ప్లీజ్.' ఇదే మాట చాలామంది రాశారు."

ఫోను మోగింది. మేడమ్.

"నువ్వు నన్ను మోసం చేశావు," అంది మేడమ్. "సోమవారం నా గదికి రా, తిట్టాలి. తిట్టాక కాగితాల మీద సంతకం పెడుదువుగాని. వంటలవాళ్ళని పొమ్మన్నాను. ఆ అబ్బాయి కూడా నీతో కలిసి రాస్తాడేమో అడుగు. ఒకళ్ళకి కళ్ళు లేవు, ఒకళ్ళకి చెవులు లేవు. ఇద్దరికీ కలిపి ఒక మనిషి జీతం ఇస్తాను."

"మేడమ్!"

"సరేలే, బేరం సోమవారం. సినిమా మధ్యలో ఆపేశావు, జనం కాచుకుని ఉన్నారు!"

మళ్ళీ సినిమా పెట్టారు. ఈసారి పద్ధతి మారింది.

"ఇప్పుడొకటి విరుగుతుంది," అన్నాడతను, కళ్ళు మూసుకుని. "కేరట్. మూడు, రెండు..." విరిగింది. ఆమె ఎగిరిపడలేదు. సగమే ఎగిరింది.

"అక్క మొహం ఎలా ఉంది?"

"భయంగానే ఉంది. కానీ చెల్లెలికి కనబడకుండా దాచుకుంటోంది. చూడొచ్చు మీరు."

అతను చూశాడు. కొంచెంసేపే. మళ్ళీ మూసుకుని, మళ్ళీ చూశాడు.

అక్కాచెల్లెళ్ళు వెలుగులోకి వచ్చి పడ్డారు. పేర్లు పైకి జారాయి. కెమెరా మీద ఎర్రదీపం ఆరిపోయింది. అది ఆరిందో లేదో అతను దగ్గరికి వెళ్ళి చూసి, వైరు కూడా పీకి వచ్చి కూర్చున్నాడు. అమ్మ ఒట్టు తీరిపోయినట్టు మిషను ముందుకి జరిగి, దారం సర్దుకునే పనిలో పడింది.

"మొహాలంటే భయం పోయిందా?" అంది అమ్మాయి.

"సినిమాలో మొహాలంటే కొంచెం పోయిందండీ."

"మరి నా వైపు చూడకుండా ఆ గోడతో మాట్లాడతారేం?"

"ఇది వేరే భయం."

మిషను ఇంకా మొదలవలేదు. గదిలో నిజంగానే ఏ చప్పుడూ లేదు. అతను వాక్యాన్ని ఎక్కడ విరవాలా అని వెతుక్కుంటున్నాడు.

"మీరు నా పక్కన కూర్చుని చూస్తే నేను చూడగలుగుతున్నాను," అన్నాడు చివరికి. "ఇలాగే కూర్చుంటారా? అంటే, ఎప్పుడూ. రాయడానికే అని కాదు. మీరంటే నాకు... మీ గుటక దగ్గర్నుంచీ అంతా ఇష్టమండీ."

ఆమె జవాబు చెప్పే లోపల అతను మళ్ళీ కళ్ళు మూసేసుకున్నాడు. ఆ మూసిన కళ్ళని చూస్తూ ఆమె నవ్వింది, వినబడేంత గట్టిగా. అతను కళ్ళు తెరిచాడు.

"కూర్చుంటాను," అంది.

"హమ్మయ్య," అంది మిషను దగ్గర్నుంచి అమ్మ. "బాబూ, మీ ఇంట్లో పెద్దవాళ్ళెవరన్నా ఉంటే ఓ ఆదివారం తీసుకురా. కళ్ళు తెరుచుకుని వచ్చేవాళ్ళనే తీసుకురా."

మిషను గడగడమని మొదలైంది. ఆ చప్పుడు చాటున అతను కొంచెం దగ్గరికి జరిగాడు.

"వచ్చే వారం హాల్లో చూద్దామా, పెద్ద తెర మీద?"

"అక్కడ సౌండు తగ్గించడానికి ఉండదు కదా."

"చెయ్యి పట్టుకోవచ్చు," అన్నాడు. వెంటనే తడబడి, "పోనీ, భయం వేసేది వద్దులెండి. హాయిగా కామెడీకి వెళదాం," అన్నాడు.

"అస్సలు వద్దు," అంది గుడ్లగూబ. "కామెడీకి చెయ్యి పట్టుకుంటే చూసినవాళ్ళు ఏమనుకుంటారు?"